నేను కాసిన పురుగుల మంద

మొన్న తొలకరి జల్లులు పడ్డాక ఒకరోజు మా అక్క మనుమరాలు శ్రావ్య కోదాడలో బస్సెక్కి సూర్యాపేటకు, మా ఇంటికి వచ్చింది. వ్యవసాయం డిగ్రీ చదువుతున్న పిల్ల. ఇంటికి వచ్చిన పిల్లలు ముందు ఫోను ఛార్జింగు ఎక్కడ పెట్టుకోవాలని అడగడం నాకు అలవాటే. ఇది మాత్రం కాళ్ళయినా కడుక్కోకుండా సంచీలోంచి ఎర్రటి గోళ్ళరంగు సీసా తీసి బల్ల మీద పెట్టి, దగ్గర్లో పేడకుప్ప ఎక్కడుందని అడిగింది. గోళ్ళరంగుకూ పేడకుప్పకూ ఉన్న సంబంధమేమిటో నాకు అంతుపట్టలేదు. టీ తాగుతూ నిదానంగా వివరించింది. కాలేజీలో పని ఇచ్చారట. పెంటల మీదా పొలాల గట్ల మీదా పెంకు పురుగుల్ని పట్టాలి, వీపు మీద చిన్న చుక్క పెట్టాలి, వదిలేయాలి. వారం ఆగి మళ్ళీ పట్టాలి. దొరికినవాటిలో చుక్కవి ఎన్ని, చుక్క లేనివి ఎన్ని అని చూస్తే ఆ చోట మొత్తం ఎన్ని ఉన్నాయో లెక్క తేలుతుందట. ఒక్కదాన్ని కూడా చంపక్కర్లేదని, ఇది చాలా తెలివైన పద్ధతని, నాకు అర్థం కావడం కోసం రెండుసార్లు చెప్పింది.

నాకు నవ్వు మొదలైంది. ముందు ఆపుకున్నాను, తర్వాత ఆగలేదు. గ్లాసులో టీ చీర మీద ఒలికింది. పిల్ల నొచ్చుకుంది కూడా, ఇందులో నవ్వడానికేముంది చిన్నమ్మమ్మా అని. ఏం చెప్పను? తొమ్మిదేళ్ళ వయసులో ఒక ఏడాది పాటు నేను చేసింది ఇదే. గోళ్ళరంగు లేదు, గొర్రెల మీద గుర్తు వేసే ఎర్రరంగు ఉండేది. కుంచె లేదు, చీపురుపుల్ల ఉండేది. ప్రపంచంలో ఈ పిచ్చిపనిని లెక్కలోకి తీసుకున్నవాళ్ళు నేనూ మా నాయనా ఇద్దరమే అనుకుంటూ ఇన్నేళ్ళు గడిపేశాను. ఇప్పుడు చూడబోతే దానికి మార్కులు కూడా వేస్తారట.

మాది మోతె దిక్కున ఒక పల్లె. గొర్లకాపర్లం. నూట ఇరవై దాకా జీవాలు ఉండేవి. గొర్రెను మేము గొర్రె అనడం తక్కువ, జీవం అనే అంటాం. ఇంటికీ దొడ్డికీ మధ్య అడ్డం ఒక తడిక మాత్రమే కాబట్టి ఇంట్లో ఏది వండినా దాని వాసనలో సగం గొర్రెల వాసనే. తడిసిన గొంగడి వాసన, కుంపటి మీద కాగే జొన్నగట్క వాసన, దొడ్లో తెల్లారి ఊడ్చి కుప్ప పోసిన పెంటికల వాసన, ఈ మూడూ కలిస్తే అదీ మా ఇల్లు. కళ్ళకు గంతలు కట్టి తెచ్చి నిలబెట్టినా చెప్పగలిగేదాన్ని. దొడ్డి ఊడ్చే పని నాదీ అక్కదీ. అక్క యాదమ్మ నాకంటే నాలుగేళ్ళు పెద్దది. చీపురు పట్టుకుంటే దానికి ఎక్కడలేని నడుంనొప్పి వచ్చేది.

పొద్దుగూకేముందు మంద ఇల్లు చేరగానే మా నాయన మల్లయ్య దొడ్డివాకిట్లో నిలబడేవాడు. ఒక్కొక్క జీవం లోపలికి పోతుంటే దాని వీపు మీద చెయ్యి వేసి పంపేవాడు. అంకెలు చదివేవాడు కాదు. కర్రిది వచ్చింది, బొల్లిది వచ్చింది, చెవికోతది వచ్చింది, పోయినేడు ఈనినదాని పిల్ల వచ్చింది, అని గొణుక్కునేవాడు. ఆఖరుకు ఆగి, ఫలానాది రాలేదు అనేవాడు. ఇంకో మాట లేకుండా కట్టె పట్టుకుని వెనక్కి నడిచేవాడు. నాకు నూట ఇరవై గొర్రెలకూ ఒకటే మొహం. ఆయనకు నూట ఇరవై మొహాలు. బడిలో మా పంతులు నలభై మంది పేర్లు కలగాపులగం చేస్తుంటే నాకు మా నాయన గుర్తొచ్చి గర్వంగా ఉండేది.

ప్రతి ఏడూ అశ్విని కార్తె వచ్చేసరికి మా దిక్కున మేత ఎండిపోయేది. అప్పుడు మంద కదిలేది. పాలకీడు మీదుగా మిర్యాలగూడ కాలువ కింది పొలాలకు. అక్కడ యాసంగి వరి కోసేసి ఉంటుంది, గొర్రెలకు కొయ్యకాళ్ళ మేత. మంద పొలంలో పడుకుంటే రైతుకు ఎరువు. రైతు మాకు వడ్లు పెట్టేవాడు. అశ్విని, భరణి, కృత్తిక, రోహిణి, నాలుగు కార్తెలు అక్కడే తిరిగి, మగవాళ్ళు మృగశిర వానలకు ఇల్లు చేరేవారు. మా ఇంట్లో ఆడవాళ్ళు మందవెంట పోయే ఆనవాయితీ లేదు. బడికి సెలవులే కదా, నేనూ వస్తానని ఆ ఏడు నేను మందవెనక ఊరి పొలిమేర దాకా ఏడుస్తూ పోయాను. నాయన వెనక్కి తిరిగి చూడలేదు. చూస్తే తీసుకుపోవలసి వస్తుందని చూడలేదట, అమ్మ తర్వాత చెప్పింది. అప్పుడు మాత్రం రెండు నెలలు ఆయన మీద పళ్ళు నూరుతూ గడిపాను.

మృగశిరలో మొదటి వాన పడిన మర్నాడు మంద తిరిగి వచ్చింది. నాయన గొంగడి అరుగు మీద పడేసి కూర్చోగానే పోయి ఎదురుగా నిలబడ్డాను. వచ్చే ఏడు నన్ను తీసుకుపోవాలి అన్నాను. ఆయన చాలా అలసి ఉన్నాడు. నవ్వుతూనే, కాపరికి మూడు రావాలన్నాడు. ఏడాది పొడుగూ మందను కాయాలి. లెక్క తప్పొద్దు. జీవానికి దెబ్బ తాకితే దాచొద్దు. దెబ్బ దాచినవాడి మంద రెండేళ్ళు ఉండదని, కుంటే గొర్రెను చెప్పకుండా ఊరుకుంటే పుండు పట్టి అది పోయేదాకా తెలియదని చెప్పాడు. ఈ మూడూ వచ్చినాడు తీసుకుపోతానన్నాడు. మరి కాయడానికి నాకు గొర్రెలు ఇవ్వమన్నాను. వాకిట్లో అప్పుడే పుట్టలోంచి ఉసిళ్ళు లేస్తున్నాయి. నాయన వాటి దిక్కు చెయ్యి చూపించాడు.

"గొర్లు నీకియ్య బిడ్డా. గా ఉసిల్లను కాసుకో."

ఆయన అన్నది పరాచికానికి. నేను తీసుకున్నది నిజానికి. వెంటనే బేరానికి దిగాను. ఏడాదికి ఇరవై ఏడు కార్తెలు. కార్తెకు ఒక కొత్తరకం పురుగును పట్టి, కార్తె ముగిసేదాకా మేపి, మన గుర్తు వేసి, నీకు చూపించి వదిలేస్తాను అన్నాను. బయట ఉండే నాలుగు కార్తెలు పోగా ఇరవై మూడు. ఒక్కటి తప్పినా నన్ను తీసుకుపోవద్దు అని నేనే అన్నాను, తెలివి తక్కువై. నాయన ఈసారి నవ్వలేదు. నడుముకు చుట్టుకున్న ఉన్నితాడు తీసి చూరుకు వేలాడదీశాడు. దాటిన కార్తెకు ఒక ముడి వేస్తానన్నాడు.

అలా మొదలైంది. మందదొడ్డి ఒక పళ్ళపొడి డబ్బా, మూతకు మేకుతో పొడిచిన ఆరు రంధ్రాలు. మొదటి జీవం ఉసిల్లి. చీపురుపుల్లను ఎర్రరంగులో ముంచి రెక్క మీద చుక్క పెట్టి, మా మందలో మొదటిది ఇదేనని ఊరంతా తిప్పి చూపించి ఇంటికి వచ్చేసరికి రెక్కలు ఊడి డబ్బాలో పడి ఉన్నాయి, పురుగు నున్నగా పాకుతోంది. గుర్తు ఒక దిక్కు, జీవం ఒక దిక్కు. నాయన చాలాసేపు ఆలోచించి, ఉన్ని కత్తిరిస్తే గొర్రె మనది కాకుండా పోతదా అని తీర్పు ఇచ్చి మొదటి ముడి వేశాడు. రెండో కార్తె ఆరుద్ర. ఇసుకనేలలో వాన వెలిసిన పూట ఆరుద్ర పురుగులు, ఎర్ర మఖమలు గుడ్డ ముక్కలు నడుస్తున్నట్టు. ఒకటి పట్టి కష్టపడి వీపు మీద చుక్క పెట్టాను. ఎర్ర వీపు మీద ఎర్ర చుక్క ఎవరికి కనపడుతుంది? అమ్మ తమలపాకుల సున్నం తెచ్చి నన్ను గండం నుంచి గట్టెక్కించింది. శ్రావ్య ఈ కథ విని, ఆరుద్ర పురుగుకు ఎనిమిది కాళ్ళు కాబట్టి అసలు అది పురుగు లెక్కలోకే రాదంది. ఇన్నేళ్ళ తర్వాత నా మందలోంచి ఒకదాన్ని తగ్గించడానికి వచ్చిన పిల్లకు నేను మళ్ళీ టీ ఇవ్వాలా అని అడిగాను.

పునర్వసు, పుష్యమి, ఆశ్లేష. వానాకాలం కాపరికి కష్టం లేదు. తంగేడు చెట్ల మీద పచ్చగా మెరిసే జీరంగి, జొన్నచేలో మిడత, చేతులు జోడించి నిలబడే గొల్లభామ. గొల్లభామను తెచ్చిన రోజు అమ్మ, మన ఇంటి పిల్లనే పట్టుకొచ్చినవేమే అని రొట్టె చేస్తున్నది ఆపి మరీ నవ్వింది. కందిరీగ మాత్రం రంగు వేయించుకోలేదు. తనే నా కనురెప్ప మీద గుర్తు వేసి పోయింది. కన్ను మూసుకుపోయి, మొహం బూరెలా ఉబ్బి, ఆ కార్తెకు కందిరీగ బదులు మిణుగురును చూపించవలసి వచ్చింది. నాయన దాన్ని పగటిపూట చేతుల మధ్య మూసి, వేళ్ళ సందులోంచి చూసి, వెలుగుతోందని నిర్ధారణ చేసుకుని ముడి వేశాడు. ఆయనకూ ఈ పిచ్చి ఎప్పుడు పట్టిందో నాకు తెలియదు. కార్తె మారే రోజు నేను మరిచిపోయినా ఆయన మరిచేవాడు కాదు. గట్క తిని, చేతులు కడుక్కుని, కదురు పక్కన పెట్టి, "తే మంద" అనేవాడు. ఎవరింటికైనా పోయి పెద్ద గొర్రెను బేరం చేసేటప్పుడు ఎట్లా చూస్తాడో అట్లాగే చూసేవాడు. అరచేతిలో నడిపించి, వెల్లకిలా తిప్పి, కాళ్ళు చూసి, మళ్ళీ నిలబెట్టి. ఇంకా ఏ దవాఖానలోనూ నన్ను ఏ డాక్టరూ అంత శ్రద్ధగా చూడలేదు.

స్వాతి కార్తెకు పేడపురుగు. దొడ్లోదే. నల్లగా, నిగనిగలాడుతూ, తనకంటే పెద్ద ఉండను వెనకకాళ్ళతో నెట్టుకుపోతుంటే పట్టుకున్నాను. ఆ తర్వాత దీపావళికి కోదాడలో మా మేనత్త ఇంటికి పోయాం. చుట్టూ వరిపొలాలు, వీధిలైటు వెలగగానే పచ్చటి సన్నపురుగులు వేలకు వేలు. అత్తమ్మది పుట్టడం మా ఊరే అయినా కోదాడలో కాపురం చేసి ఆ దిక్కు మాట పట్టేసింది. "ఏంటే సైదమ్మా, కూరలో పడేవాటిని ఏరి డబ్బాలో పెట్టుకుంటావా, నీకేమైనా పిచ్చా?" అని ఒకటే గోల. ఆ పురుగు ఎంత చిన్నదంటే చీపురుపుల్లతో చుక్క పెడితే పురుగు మొత్తం ఎర్రబడింది. అది పచ్చపురుగని నాయనను నమ్మించడానికి గుర్తు వేయనివి ఇంకో పదింటిని కాగితంలో చుట్టి సాక్ష్యానికి తెచ్చుకున్నాను.

చలి ముదిరాక నా మంద కష్టాల్లో పడింది. మూల కార్తెలో చేలు కోసేశారు, పురుగన్నది కనపడదు. ఇంకో రెండు రోజుల్లో కార్తె మారుతుందనగా అక్క తల దువ్వుకుంటుంటే దువ్వెనలోంచి ఒక పేను కింద పడింది. నేను ఎగిరి గంతేశాను. అక్క చచ్చినా ఇవ్వనంది, ఊళ్ళో పరువు పోతుందని. పదిహేను రోజులు దాని వంతు దొడ్డి కూడా నేనే ఊడుస్తానని ఒప్పుకున్నాక ఇచ్చింది. ఆ రెండు రోజులూ నా తలలోనే మేపుకున్నాను. నాయన దాన్ని గోటి మీద పెట్టుకుని చూసి, ఇది ఇంట్లో సాకిన జీవమే కాబట్టి చెల్లుతుందన్నాడు. అక్క వారం రోజులు ఎవరితోనూ మాట్లాడలేదు. ఇక ఇంట్లో దొరికేవి మొదలయ్యాయి. బియ్యంలో ముక్కుపురుగును చూపించిన రోజు, మన బియ్యంలదేనా అని నాయన అడిగితే, కాదు, మీ చెల్లె కోదాడ నుంచి పంపినవాటిలోదని అమ్మ ఠక్కున చెప్పింది. సూర్యాపేటలో సినిమా చూడ్డానికి పోయి బెంచీ సందులోంచి నల్లిని పట్టుకొచ్చాను. సినిమాలో ఏముందో నాకు ఒక్క ముక్క తెలియదు. ఉత్తరాభాద్రలో గొర్రె చెవిలోంచి గోమారిని తీసి తెస్తే మాత్రం నాయనకు కోపం వచ్చింది. మన జీవాల నెత్తురు తాగేదాన్ని మందలో కలుపుతావా అని దాన్ని నిప్పులో వేశాడు. ఆ ఏడాదిలో మా మందలో మరణశిక్ష పడింది దానికొక్కదానికే. సాయంత్రానికల్లా పరుగుపరుగున ఒక గండుచీమను పట్టి తెచ్చాను.

ఇరవై రెండు ముళ్ళు పడ్డాయి. మిగిలింది రేవతి. ఏప్రిల్ ఎండలు, పొలాలు నెర్రెలు విచ్చాయి. తెలిసిన పురుగులన్నీ అయిపోయాయి. రాళ్ళు ఎత్తి చూశాను, బావి గట్టు వెతికాను, పక్కింటివాళ్ళ దూలాలకు పట్టిన చెదలు అడిగాను. చెదలకే రెక్కలొస్తే ఉసిల్లని, అది మొదటి ముడిలోనే అయిపోయిందని నాయన ముందే చెప్పి ఉన్నాడు. రేపు అశ్విని అనగా డబ్బా ఖాళీ. గొంగళ్ళు దులుపుతున్నారు, కట్టెలకు కొత్తతాళ్ళు కడుతున్నారు, నాలుగు కార్తెలకు సరిపడా జొన్నపిండి మూటలు కడుతున్నారు. నేను తడిక పక్కన కూర్చుని ఏడుస్తున్నాను. పోయినేడు ఏడుపు వేరు, ఇది వేరు. ఈసారి ఏడాది పొడుగూ చేసిన పని ఒక్క పురుగు దగ్గర ఆగిపోయింది.

అప్పుడు అక్క వచ్చింది. నా మీద జాలి పడిందో, నేను పోతే రెండు నెలలు చాప మొత్తం తనదేనని ఆశపడిందో, మసకచీకట్లో దొడ్డి పెంటలోంచి ఒళ్ళంతా పేడ అంటిన పేడపురుగును పట్టింది. నా చేతిలోని రంగుపుల్ల లాక్కోలేదు, వంటింట్లోకి పోయింది. పసుపు తడిపి పురుగుకు వీపంతా పూసింది. దాని మీద కాటుకతో మూడు చుక్కలు పెట్టింది. అమ్మవారి పండక్కు ముస్తాబు చేసినట్టుంది. ఇది కొత్తరకం, ఎవరడిగినా బావి దగ్గర దొరికిందని చెప్పు, అని డబ్బాలో వేసి మూత పెట్టింది. నేను వద్దనలేదు.

పొద్దున నాయన గట్క తిని చేతులు కడుక్కున్నాడు. "తే మంద." నేను డబ్బా ఇచ్చాను. మూత తీశాడు. పసుపు పురుగు బయటికి వచ్చి ఆయన అరచేతి మీద నడిచింది. బొటనవేలి గోటితో దాని వీపు మీద పసుపు కొంచెం గీకాడు. కింద నలుపు కనపడింది. ఇంకొంచెం గీకాడు. నలుపు మీద ఎర్రచుక్క. మా గుర్తు.

ఒక క్షణం ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. ఊళ్ళో ఉన్న వేలాది పేడపురుగుల్లో, అయిదారు నెలల కింద నేను గుర్తు వేసి వదిలినదే మా అక్క చేతికి చిక్కింది. నాయన నవ్వడం మొదలుపెట్టాడు. నేను పుట్టాక ఆయన అంత నవ్వడం చూడలేదు. గోడకు ఆనుకుని నవ్వాడు, గొంగడి మీద ఒరిగి నవ్వాడు. గొర్రెల దొంగలు వేరేవాళ్ళ జీవాలను ఎత్తుకుపోయి గుర్తు మీద ఇంకో రంగు పూస్తారు. అది మా దిక్కున పంచాయితీల్లో రోజూ వినే మాటే. కానీ సొంత మందలోంచి సొంత జీవాన్ని దొంగిలించి రంగు మార్చిన కాపరిని ఇప్పుడే చూస్తున్నానన్నాడు. అమ్మ పిండిచేతులతోనే కళ్ళు తుడుచుకుంది. అక్క సిగ్గుతో తడిక వెనక దాక్కుని అక్కడ నవ్వుతోంది. నేనూ నవ్వాను. నవ్వుల్లో పడి ముడి కూడా పడిపోతుందేమోనని ఆశ.

నాయన పురుగును నేల మీద వదిలాడు. అది దొడ్డి దిక్కు నడిచింది. నాలుగడుగులు వేసి ఎడమకు ఒరిగింది. మళ్ళీ సర్దుకుని నడిచింది, మళ్ళీ ఎడమకే ఒరిగింది. నాయన నవ్వు ఆగింది.

"ఇది ఎందుకు కుంటుతున్నది?"

అడిగింది ఎవరినో తెలియదు. అక్క తడిక వెనక నుంచి, తను పట్టుకునేటప్పటికే అట్లా ఉందని చెప్పింది. అంతటితో సరిపోయేది. పెంటలో బతికే పురుగు కాలు ఎవరి కిందపడి విరిగిందో ఎవరికి తెలుసు? ఇక్కడ ఒక సంగతి ఒప్పుకోవాలి. ఇంతవరకు చదివినవాళ్ళ దగ్గర కూడా దాచాను. స్వాతి కార్తెలో దాన్ని పట్టి చుక్క పెట్టేటప్పుడు అది విదిలించుకుంది. నేను గట్టిగా నొక్కాను. ఎడమ ముంగాలు పుటుక్కుమని విరిగింది. చెబితే నాయన ముడి వేయడని భయపడ్డాను. ఆ పూట ఆయన అరచేతిలో పెట్టేటప్పుడు కాలు కింది పక్కకు వచ్చేటట్టు పెట్టాను. వెల్లకిలా తిప్పబోతే రంగు ఇంకా ఆరలేదని చెప్పాను. ఆ రోజు నుంచి ఏ ముడి పడినా నాకు ఆ పుటుక్కుమనే చప్పుడు గుర్తొచ్చేది. పక్కింటి చెదలు అడుక్కుని అయినా రేవతి దాటుదామనుకున్నాను గాని, ఆ మాట ఒక్కటి నోటికి రాలేదు. ఇప్పుడు అదే పురుగు నా ముందు ఒరుగుతూ నడుస్తోంది.

"నేనే ఇరగ్గొట్టిన నాయినా" అన్నాను. "స్వాతిల. రంగేసేటప్పుడు. చెప్తె నువ్వు తీస్కపోవని చెప్పలే."

అమ్మ అక్క దిక్కు చూసింది. నాయన చూరుకు వేలాడుతున్న తాడు దిక్కు చూశాడు.

"నాకు ఎరుకే. ఆనాడే సూసిన. గప్పటి సంది నువ్వు ఎప్పుడు చెప్తవా అని ఎదురుసూస్తున్న."

నా మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ఆయనకు తెలుసు. తెలిసి కూడా అన్ని కార్తెలు, "తే మంద" అంటూ చెయ్యి చాపాడు. అన్నిసార్లు నా మొహం చూశాడు. నేను ప్రతిసారీ పురుగును చూపించి చెప్పవలసిన మాటను మింగేశాను. ఏడుపు వచ్చింది, ఆపుకోలేదు. ఒక కార్తె తప్పింది, దొంగతనం బయటపడింది, దెబ్బ దాచింది బయటపడింది. మూడింటిలో మూడూ పోయాయి. నాయన తాడును చూరు నుంచి దించాడు. ఇరవై రెండు ముళ్ళు వేలితో తడిమి చూసి, ఇరవై మూడోది వేయకుండానే నడుముకు చుట్టుకున్నాడు. తర్వాత అమ్మ వైపు తిరిగాడు.

"పిల్లకొక గొంగడి తియ్యి."

అమ్మ తీసింది. చిన్నది, పాతది, ఒక మూల ఎలుకలు కొరికింది. నేను దాన్ని మెడచుట్టూ కప్పుకుంటే కిందికి జీరాడింది. అక్క తడిక వెనక నుంచి వచ్చి ఆ అంచు మడిచి పిన్నీసు పెట్టింది. నాకు గంతులేయాలనుంది, వేస్తే ఎక్కడ మనసు మార్చుకుంటాడోనని భయం. ఎండలో, దుమ్ములో, నూట ఇరవై జీవాల వెనక, మోతె నుంచి మిర్యాలగూడ దాకా ఉన్న దారి మొత్తం నేను నవ్వుతూనే నడిచాను. కాళ్ళకు బొబ్బలు ఎక్కినా అవి ఎవరివో అన్నట్టుంది. దారిలో ఊళ్ళ పిల్లలు గట్లమీద నిలబడి చూస్తుంటే నడక ఇంకా గట్టిగా పడేది.

శ్రావ్య వెళ్ళాక అక్కకు ఫోను చేశాను. అది ఇప్పుడు కోదాడలో కూతురి దగ్గర ఉంటుంది. నీ మనుమరాలు పేడపురుగులకు గోళ్ళరంగు వేస్తోందని చెబితే, వెనకాముందూ లేకుండా, "పసుపు జర ఎక్కువైంది, లేకుంటె ఆనాడు దొరికేటోళ్లం కాదు" అంది. అంటే ఇన్నేళ్ళుగా దానికి మనసులో ఉన్న బాధ మోసం చేసినందుకు కాదు, మోసం సరిగా చేయనందుకు. ఫోను అటూ ఇటూ మోగిపోయేటట్టు ఇద్దరం నవ్వుకున్నాం. పేను సంగతి మాత్రం ఎత్తనివ్వలేదు. ఆ పిల్లకు చెప్పావా అని రెండుసార్లు అడిగింది. చెప్పానని చెప్పలేదు.

ఇప్పుడు మా దిక్కు మందలు మిర్యాలగూడకు నడిచి పోవు. డీసీఎం బండ్లలో రెండు అంతస్తులుగా ఎక్కిస్తారు, పొద్దున బయలుదేరితే మధ్యాహ్నానికి కాలువ మీద దించుతారు. జీవాలకు కాళ్ళు నొప్పులు లేవు, దారిలో లారీల భయం లేదు, మంచిదే. పిల్లలు బడి మానే పని కూడా లేదు, అంతకంటే మంచిది. ఒకటి మాత్రం నాకు కష్టంగా ఉంటుంది. మొన్న ఆరుద్రలో వాన వెలిశాక ఊరికి పోయి అదే ఇసుకనేలలో గంటసేపు వంగి వెతికాను. ఒక్క ఎర్ర మఖమలు ముక్క కనపడలేదు. పురుగులమందులు కొట్టీ కొట్టీ కనపడకుండా పోయాయో, నా కళ్ళకే కనపడటం లేదో. పక్కన ఉన్న పిల్లవాణ్ణి అడిగితే ఫోనులో బొమ్మ తీసి, ఇదేనా అమ్మమ్మా అని చూపించాడు. ఇదే అన్నాను. ఇప్పుడు నాకు ఒక ఏడాదికి ఇరవై ఏడు రకాలు పట్టమంటే దోమలు, బొద్దింకల దగ్గర ఆగిపోతాను. శ్రావ్య కాలేజీవాళ్ళు ఆ లెక్క ఎందుకు తీయిస్తున్నారో అర్థమవుతోంది. ఉన్నవి ఎన్నో తెలియాలంటే ఎవరో ఒకరు చీపురుపుల్లో గోళ్ళరంగో పట్టుకుని వంగాలి. ఆ పిల్ల వంగుతున్నందుకు నాకు చాలా సంతోషంగా ఉంది.

మిర్యాలగూడ కాలువ మీద ఆ ఎండాకాలం మిగిలిన నాలుగు కార్తెలకూ పురుగులు పట్టాను. నాయన అడగలేదు, నేనే పట్టాను. రోహిణి కార్తెలో కాలువ ఒడ్డున ఒక తూనీగ దొరికింది. గుర్తు వేస్తుంటే రెక్క అంచు చినిగింది. అప్పుడు మంద కాలువ దాటుతోంది. నాయన నడుంలోతు నీళ్ళలో నిలబడి ఒక్కొక్క జీవాన్ని అవతలికి నెడుతున్నాడు. నేను ఒడ్డు వెంట పరుగెత్తుకుంటూ పోయి, రెక్క చినిగింది నాయినా, నా వల్లనే చినిగింది అని అరిచాను. ఆయన చేతిలో గొర్రె ఉంది, తల ఎత్తలేదు.

"ఇన్న" అన్నాడు. "ఇగ కుడి దిక్కు జీవాలను నువ్వు మలుపు."